పేరు ఎవరిది? – క్లోవర్ స్టూడియో చరిత్రలో నామార్థాలు (2004–2007)

వ్యాససంగ్రహం

జపాన్‌లోని ఒసాకా నగరంలో 2004 జూలైలో ఏర్పడి, 2007 మార్చితో ముగిసిన వీడియోగేమ్ నిర్మాణసంస్థ క్లోవర్ స్టూడియో. మూడేళ్ళు కూడా నిండని ఈ సంస్థ చరిత్రను దాని పేరు, అది తయారుచేసిన గేమ్‌ల పేర్లు, వాటిని తయారుచేసిన మనుషుల పేర్లు అనే మూడు కోణాలనుంచి పరిశీలించడం ఈ వ్యాసం లక్ష్యం. పేరుకు పుట్టుకతో వచ్చే అర్థం వేరు, పని ద్వారా సమకూరే అర్థం వేరు. సంస్థ మూతపడినప్పుడు ఈ రెండు అర్థాలూ ఎలా విడిపోయాయో, పేరుపై చట్టపరమైన హక్కు ఒకచోట ఉండి, ఆ పేరు తలచుకోగానే గుర్తుకువచ్చే మనుషులు మరోచోట ఉన్నప్పుడు ఏం జరిగిందో ఈ వ్యాసం వివరిస్తుంది. ఇందుకు భారతీయ శబ్దశాస్త్రంలోని యౌగిక, రూఢ, యోగరూఢ విభాగాన్నీ, తెలుగు కావ్యాల్లోని ఆశ్వాసాంత గద్య సంప్రదాయాన్నీ ఆధారంగా తీసుకున్నాను.

కీలకపదాలు: క్లోవర్ స్టూడియో, క్యాప్‌కామ్, ఓకామి, నామార్థం, శ్లేష, యోగరూఢి, ఆశ్వాసాంత గద్య, కర్తృత్వం.

1. ప్రవేశిక

వీడియోగేమ్‌ల చరిత్ర ఇప్పటికి ఐదు దశాబ్దాలు దాటింది. సాహిత్యం, చిత్రకళ, సంగీతం, సినిమా కలిసే చోటు అది. అయినా తెలుగులో దాని గురించి జరిగిన చర్చ ఎక్కువగా పిల్లల చదువుమీదా, అలవాట్లమీదా దాని ప్రభావానికే పరిమితమైంది. గేమ్‌ను ఒక రచనగా భావించి, దాని పేరుకు అర్థం ఏమిటి, దానికి కర్త ఎవరు అని అడిగే ప్రయత్నం తక్కువ. కావ్యాన్ని చదివేటప్పుడు మనం మొదట అడిగే ప్రశ్నలు ఇవే. వాటినే ఇక్కడ ఒక గేమ్ నిర్మాణసంస్థకు అన్వయిస్తున్నాను.

ఇందుకు క్లోవర్ స్టూడియోను ఎంచుకోవడానికి రెండు కారణాలున్నాయి. మొదటిది, ఈ సంస్థవారు పేర్లు పెట్టడంలో చూపిన శ్రద్ధ. సంస్థ పేరులోనూ, గేమ్‌ల పేర్లలోనూ, పాత్రల పేర్లలోనూ ఒకటికి మించిన అర్థాలు పలుకుతాయి. రెండవది, సంస్థ మూతపడిన తరువాత దాని పేరుకు పట్టిన గతి. పేరు అనేది ఒకే సమయంలో భాషకూ, చట్టానికీ, జ్ఞాపకానికీ చెందిన వస్తువని ఈ చరిత్ర స్పష్టంగా చూపిస్తుంది. వ్యాసంలోని జపనీస్ పేర్లను తెలుగులో ఇప్పటికే స్థిరపడిన ‘ఒరిగామి’ వంటి మాటల పద్ధతిలో రాశాను.

2. పరిశీలనకు ఆధారం: యౌగికం, రూఢం, యోగరూఢం

శబ్దం అర్థాన్ని బోధించే తీరును మన శాస్త్రకారులు స్థూలంగా మూడు విధాలుగా విభజించారు. అవయవాల అర్థం వల్ల తెలిసేది యౌగికం. ‘పాచకుడు’ అంటే వండేవాడు. ధాతువూ ప్రత్యయమూ తెలిస్తే అర్థం తెలుస్తుంది. అవయవార్థంతో పనిలేకుండా లోకవ్యవహారం వల్ల తెలిసేది రూఢం. ‘కుండ’ అనే మాటను విడదీస్తే ఏమీ దొరకదు, అయినా కుండ కళ్ళముందు నిలుస్తుంది. ఈ రెండూ కలిసినది యోగరూఢం. ‘పంకజం’ అంటే బురదలో పుట్టినది. బురదలో పుట్టేవి చాలా ఉన్నా లోకంలో ఆ మాట తామరపువ్వుకే స్థిరపడింది.

సంస్థల పేర్లకు ఈ విభాగాన్ని అన్వయిస్తే ఒక విషయం తెలుస్తుంది. సంస్థ పుట్టిన రోజున దాని పేరుకు ఉండేది యౌగికార్థం మాత్రమే. అది స్థాపకులు ఇచ్చినది, వారి ఆశయాన్ని చెప్పేది. రూఢ్యర్థం తరువాత వస్తుంది. దానిని ఎవరూ ఇవ్వలేరు. పని చేసినవారు సంపాదించాలి, ఆ పనిని ఆదరించినవారు స్థిరపరచాలి. ఈ తేడాను మనసులో ఉంచుకుంటే క్లోవర్ చరిత్ర సులువుగా అర్థమవుతుంది.

3. సంస్థ ఆవిర్భావం – పేరులోని పొరలు

క్లోవర్ స్టూడియో క్యాప్‌కామ్ అనే పెద్ద సంస్థకు పూర్తి యాజమాన్యంలోని అనుబంధసంస్థ. క్యాప్‌కామ్ అనే మాట కూడా ‘క్యాప్స్యూల్ కంప్యూటర్స్’ అనే రెండు పదాలను కత్తిరించి అతికించినదే. కానీ ఈనాడు ఆ పేరు విన్నవారికి క్యాప్స్యూల్ గాని కంప్యూటర్ గాని స్ఫురించవు, స్ట్రీట్ ఫైటర్, రెసిడెంట్ ఈవిల్ వంటి గేమ్‌లు స్ఫురిస్తాయి. యౌగికార్థాన్ని రూఢి పూర్తిగా కప్పివేసిన ఉదాహరణ ఇది.

క్యాప్‌కామ్‌లో నాలుగో ఉత్పత్తి విభాగంగా పిలిచే బృందం 2003లో ‘వ్యూటిఫుల్ జో’ అనే గేమ్‌ను విడుదల చేసింది. రెసిడెంట్ ఈవిల్ సృష్టికర్తగా పేరుపొందిన మికామి షింజి, నిర్మాత ఇనాబా అత్సుషి, దర్శకుడు కామియా హిదెకి ఈ వర్గానికి చెందినవారు. పాత గేమ్‌లకు కొనసాగింపులు కాకుండా కొత్త ఊహలతో గేమ్‌లు చేయాలన్నది వీరి ఆశయం. ఆ ఆశయానికి వేరుగా ఒక ఇల్లు ఏర్పరచే ఉద్దేశంతో 2004 జూలై 1న క్లోవర్ స్టూడియో ఏర్పడింది. ఇనాబా దానికి అధ్యక్షుడయ్యారు.

పేరుకు ఉన్న మొదటి అర్థం ఇంగ్లీషులో ఉంది. ‘క్రియేటివిటీ లవర్’ అంటే సృజనను ప్రేమించేవాడు. మొదటి పదంలోని తొలి అక్షరాన్ని మాత్రం నిలిపి రెండో పదానికి చేర్చితే ‘క్లోవర్’ అవుతుంది. సంస్థ ఆశయాన్ని సూటిగా చెప్పే యౌగికార్థం ఇది.

రెండవ అర్థం జపనీస్ లిపిలో ఉంది. మికామి ఇంటిపేరును రాసేటప్పుడు మొదట వచ్చే ‘మి’ అక్షరానికి మూడు అని అర్థం. ఇనాబా ఇంటిపేరులో చివరి ‘బా’ అక్షరానికి ఆకు అని అర్థం. రెంటినీ కలిపితే మూడాకు. మన పొలం గట్ల మీద కనిపించే పులిచింతాకును పోలిన మూడాకుల మొక్కే క్లోవర్. అంటే ఇద్దరు వ్యక్తుల పేర్లు ఒక మొక్క పేరులో దాగి ఉన్నాయి. బయటివారికి కనిపించేది మొక్క, లోపలివారికి తెలిసేది మనుషులు.

వీటికి తోడు, నాలుగు ఆకుల క్లోవర్‌ను నాలుగో ఉత్పత్తి విభాగానికి గుర్తుగా చూసే అన్వయం కూడా ఉంది. క్లోవర్‌కు సహజంగా ఉండేవి మూడాకులే. అరుదుగా నాలుగాకులున్న రెమ్మ దొరికితే అదృష్టమని పాశ్చాత్యుల నమ్మకం, జపాన్‌లోనూ అది పరిచితమే. మూడు అన్నా, నాలుగు అన్నా పేరుకు అర్థం కుదురుతుంది.

ఆ మొక్కకు జపనీస్‌లో ఉన్న పేరు కూడా గమనించదగినది. తెల్లపూల క్లోవర్‌ను ‘షిరోత్సుమెకుసా’ అంటారు. షిరో అంటే తెలుపు, త్సుమె అంటే కుక్కడం, కుసా అంటే గడ్డి. ఎదో కాలంలో డచ్చివారి ఓడలమీద వచ్చిన గాజుసామాను పగిలిపోకుండా పెట్టెల్లో ఎండు క్లోవర్‌ను కుక్కేవారు. ఆ పనే మొక్కకు పేరైంది. ఒక వస్తువుకు దాని పనినిబట్టి పేరు రావడం ఏ భాషలోనైనా కనిపించే విషయమే.

4. గేమ్‌ల పేర్లు – శ్లేష

4.1 వ్యూటిఫుల్ జో

‘వ్యూ’ అంటే చూపు, ‘బ్యూటిఫుల్’ అంటే అందమైన. రెండూ కలిసి ‘వ్యూటిఫుల్’ అయింది. జపనీస్ భాషలో స్వతహాగా ‘వ’, ‘బ’ల ఇంగ్లీషు తేడా లేదు. అందువల్ల జపనీస్ లిపిలో ఈ గేమ్ పేరు మామూలు ‘బ్యూటిఫుల్’ లాగానే ఉంటుంది. ఇంగ్లీషు అక్షరాల్లో రాసినప్పుడే చూపు బయటపడుతుంది. కథానాయకుడు జో సినిమా లోకంలోకి ప్రవేశించి, దృశ్యాన్ని నెమ్మది చేయడం, వేగవంతం చేయడం, దగ్గరకు తీసుకురావడం అనే సినిమా ప్రక్రియలనే ఆయుధాలుగా చేసుకుంటాడు. చూపే అతని బలం. పేరులోని శ్లేష ఆడే తీరులోని కీలకాన్ని చెబుతోంది. క్లోవర్ ఏర్పడిన తరువాత 2004లో దీనికి రెండో భాగమూ, 2005లో నింటెండో డీఎస్ పరికరం కోసం మరో భాగమూ వచ్చాయి.

4.2 ఓకామి

2006 ఏప్రిల్ 20న జపాన్‌లో ప్లేస్టేషన్ 2 కోసం విడుదలైన ‘ఓకామి’ క్లోవర్ రచనల్లో ప్రధానమైనది. దర్శకుడు కామియా, నిర్మాత ఇనాబా. పచ్చని ప్రకృతిని చూపించాలన్న కోరికతో మొదట వాస్తవానికి దగ్గరగా ఉండే చిత్రణతో పని ప్రారంభించి, తరువాత జపాన్ సంప్రదాయ సిరాచిత్రాల పద్ధతికి మారారు. ఆడేవారు తెరమీద కుంచెతో గీతలు గీస్తారు. వృత్తం గీస్తే సూర్యుడు ఉదయిస్తాడు, సుడి గీస్తే గాలి వీస్తుంది.

‘ఓకామి’ అనే ధ్వనికి జపనీస్‌లో రెండు అర్థాలున్నాయి. ఒకటి తోడేలు, రెండోది మహాదేవత. చెవికి రెండూ ఒకటే, లిపిలో వేరు. గేమ్ పేరును రాసింది ‘మహాదేవత’ అనే అర్థమిచ్చే అక్షరాలతో. తెరమీద కనిపించేది మాత్రం తెల్ల తోడేలు. ఆ తోడేలు పేరు అమతెరాసు, అంటే ఆకాశంలో వెలిగేది. షింతో సంప్రదాయంలో సూర్యదేవత పేరు ఇదే. ఆ దేవత పూర్తి నామాన్ని రాసేటప్పుడు చివర వచ్చే రెండక్షరాలే గేమ్ శీర్షిక అయ్యాయి. కన్ను ఒక అర్థాన్నీ, చెవి మరో అర్థాన్నీ పట్టుకునేలా చేసిన శ్లేష ఇది.

శ్లేష మనకు కొత్తది కాదు. పింగళి సూరన 16వ శతాబ్దంలో ‘రాఘవపాండవీయం’ రచించి ఒకే పద్యంలో రామకథనూ భారతకథనూ నడిపించాడు. ఆ ద్వ్యర్థికావ్యంలో రెండు అర్థాలూ మాటలోనే ఉన్నాయి. ఓకామిలో ఒక అర్థం లిపిలోనూ, ఒకటి చిత్రంలోనూ ఉంది. శబ్దం రెంటినీ కలిపే వారధి. బొమ్మ కూడా భాగమైన కళలో శ్లేష ఇలా మాటను దాటి విస్తరించగలదని గ్రహించవచ్చు.

ఈ గేమ్‌లోని దేవతల పేర్ల నిర్మాణం వ్యాకరణ విద్యార్థికి ఆసక్తి కలిగిస్తుంది. కాజెగామి వాయుదేవత, యుమిగామి నెలవంకను గీయించే ధనుర్దేవత, తాచిగామి ఖండించే శక్తినిచ్చే దేవత. దేవతకు మాట ‘కామి’ అయితే ఈ సమాసాల్లో ‘గామి’ ఎందుకైంది? జపనీస్‌లో సమాసంలోని రెండో పదం మొదటి పరుషం తరచుగా సరళంగా మారుతుంది. ‘వాడు కొట్టె’ అనేది ‘వాడు గొట్టె’ కావడం గసడదవాదేశంగా తెలుగు విద్యార్థులకు తెలిసినదే. సూత్రాలు వేరు, భాషాకుటుంబాలు వేరు, కానీ కకారం గకారమయ్యే ఆ మార్పు మన చెవికి పరాయిగా అనిపించదు. ‘ఒరిగామి’లో కూడా ‘గామి’ ఇలాగే వచ్చింది. అక్కడి ‘కామి’కి అర్థం కాగితం.

అమతెరాసుకు తోడుగా తిరిగే బుల్లి పాత్ర పేరు ఇస్సున్. జపనీస్ కొలతల్లో ‘సున్’ అంటే సుమారు 3 సెంటీమీటర్లు, ‘ఇస్సున్’ అంటే ఒక సున్. బొటనవేలంత వీరుడైన ఇస్సున్‌బోషి అనే జానపద కథానాయకుడిని ఈ పేరు గుర్తుచేస్తుంది. జపనీస్ గేమ్‌లో ఇతని జాతి పేరు కొరొపొక్కురు. ఇది ఐను ఆదివాసుల కథల్లోని మరుగుజ్జుల పేరు. వెడల్పాటి ఆకు కింద ఉండే మనిషి అని దానికి వివరణ ఇస్తారు. ఇంగ్లీషు అనువాదంలో ఈ పేరు మారి ‘పాంకిల్’ అయింది. పలకడానికి సులువైన ఆ పేరులో ఆకూ లేదు, ఐను జాతి జాడా లేదు. పేరును అనువదించేటప్పుడు ధ్వని పోవడంకన్నా దాని వెనుక ఉన్న జనసమూహం కనబడకుండా పోవడం పెద్ద నష్టం.

ఇంకొక విశేషం ఉంది. కామియా ఇంటిపేరుకు అవయవార్థం దేవత, లోయ. శీర్షికలో దేవతను సూచించే అక్షరమే దర్శకుడి ఇంటిపేరులోనూ ఉంది. ఇది కావాలని చేసినదని చెప్పడం ఈ వ్యాసం ఉద్దేశం కాదు. లిపి చదవగలిగినవారికి ఆ సామ్యం కనిపించక మానదు.

4.3 గాడ్ హ్యాండ్

2006 సెప్టెంబరు 14న జపాన్‌లో విడుదలైన ‘గాడ్ హ్యాండ్’ క్లోవర్ చివరి గేమ్. దర్శకుడు మికామి. దైవశక్తిగల చేయి పొందిన వ్యక్తి చేసే ముష్టియుద్ధాలు ఇందులో వస్తువు. దేవత అనే భావం మళ్ళీ శీర్షికలోకి వచ్చింది, ఈసారి ఇంగ్లీషులో, హాస్యధోరణిలో. గంభీరమైన దేవతా శ్లేష, వినోదప్రధానమైన దేవహస్తం ఒకే సంవత్సరంలో ఒకే సంస్థనుంచి రావడం ఆ బృందం విస్తృతిని చూపిస్తుంది.

5. సంస్థ ముగింపు

ఓకామికి ప్రశంసలు లభించాయి. 2006 జపాన్ మీడియా ఆర్ట్స్ ఫెస్టివల్‌లో వినోద విభాగపు అత్యున్నత బహుమతి దానికే దక్కింది. అమ్మకాలు మాత్రం ఆశించినంతగా లేవు. సంవత్సరపు ఉత్తమ గేమ్‌గా పురస్కారం పొందినవాటిలో వ్యాపారపరంగా అతి తక్కువ విజయం సాధించినదిగా 2010 నాటి గిన్నిస్ గేమర్స్ సంచిక ఓకామిని నమోదు చేసింది.

2006 అక్టోబరు 12న క్యాప్‌కామ్ క్లోవర్‌ను రద్దుచేస్తున్నట్లు ప్రకటించింది. కొత్తదనంగల మౌలికమైన గేమ్‌ల నిర్మాణమనే తొలి లక్ష్యం నెరవేరిందనీ, వనరులను కేంద్రీకరించి అభివృద్ధి వ్యవస్థను మెరుగుపరచడానికి ఈ నిర్ణయం తీసుకున్నామనీ ఆ ప్రకటన సారాంశం. ఆ తరువాతి మార్చి చివరితో సంస్థ ముగిసింది.

ఇక్కడ కాలక్రమాన్ని జాగ్రత్తగా గమనించాలి. ప్రకటనకు రెండు నెలల ముందే, 2006 ఆగస్టులో, క్లోవర్‌కు చెందిన ముఖ్యులతో ‘సీడ్స్’ అనే కొత్త సంస్థ ఏర్పడింది. కాబట్టి ఇది యజమాని ఒక్కడే తలుపు మూసిన కథ కాదు. లోపలివారు బయటికి నడవడమూ, యజమాని తలుపు మూయడమూ ఒకే కాలంలో జరిగాయి. సీడ్స్ అంటే విత్తనాలు. ఆకు రాలి విత్తనం మిగిలిందన్న భావం ఆ పేరులో సహజంగా స్ఫురిస్తుంది. 2007 అక్టోబరులో సీడ్స్ మరో సంస్థతో కలిసి ప్లాటినమ్‌గేమ్స్ అయింది. మొక్కల పేర్ల వరుస అక్కడ ఆగి, లోహం పేరు మొదలైంది.

2007 నాటికి పరిస్థితి ఇది: ‘క్లోవర్’ అనే పేరూ చిహ్నమూ ఒకచోట ఉన్నాయి, ఆ పేరుకు రూఢ్యర్థాన్ని సంపాదించిన మనుషులు మరోచోట ఉన్నారు.

6. 2008 – పేర్లు లేని ముగింపు

ఈ ఎడబాటు ఫలితం 2008లో కనిపించింది. క్యాప్‌కామ్ ఓకామిని నింటెండో వీ పరికరం కోసం మళ్ళీ విడుదల చేసింది. మార్పుల పనిని అమెరికాకు చెందిన రెడీ ఎట్ డాన్ అనే సంస్థ చేసింది. మొదటి ప్రతిలో కథ ముగిసిన తరువాత చిత్రాలతో, పాటతో నడిచే ఒక దృశ్యం ఉంది. గేమ్ తయారుచేసినవారందరి పేర్లు అందులో వస్తాయి. వీ ప్రతిలో ఆ దృశ్యాన్ని తొలగించారు.

దీనికి క్యాప్‌కామ్ ప్రతినిధి ఇచ్చిన వివరణలో రెండు అంశాలున్నాయి. ఆ దృశ్యంలో క్లోవర్ చిహ్నం ఉంది, క్లోవర్ నేరుగా పాల్గొనని గేమ్‌లో ఆ చిహ్నాన్ని వాడే చట్టపరమైన హక్కు తమకు లేదు. పైగా ఆ దృశ్యం ముందుగానే తయారై ఉన్న వీడియో, చిహ్నాన్ని మాత్రం తీసివేయడానికి కావలసిన మూలసామగ్రి తమవద్ద లేదు. అంటే ఒక సంస్థ పేరు అడ్డుగా నిలవడంవల్ల అందులోని మనుషుల పేర్లన్నీ పోయాయి. కామియా దీనిపట్ల తన విచారాన్ని బహిరంగంగా వ్యక్తం చేశారు. ఆయన దృష్టిలో ఆ దృశ్యం కేవలం జాబితా కాదు, గేమ్‌ను చివరిదాకా ఆడినవారికి తయారుచేసినవారు అందించిన సందేశం.

అదే విడుదలలో పేర్లకు సంబంధించిన మరో వింత జరిగింది. ఉత్తర అమెరికాలో అమ్మిన పెట్టె ముఖచిత్రంమీద, తోడేలు నోటి దగ్గర, ఐజీఎన్ అనే గేమ్ సమాచార సంస్థ నీటిగుర్తు అచ్చయింది. ఆ సంస్థ వెబ్‌సైటులోని బొమ్మను గుర్తుతో సహా ముఖచిత్రానికి వాడటమే ఇందుకు కారణం. క్యాప్‌కామ్ పొరపాటును ఒప్పుకొని, కొన్నవారికి కొత్త ముఖచిత్రాలను ఉచితంగా పంపే ఏర్పాటు చేసింది. గేమ్‌తో సంబంధంలేని పేరు ముఖచిత్రంమీదికి వచ్చింది, గేమ్‌ను చేసినవారి పేర్లు లోపలినుంచి పోయాయి. మొదటిదానికి పరిహారం వెంటనే దొరికింది. రెండోదానికి నాలుగేళ్ళు పట్టింది. 2012లో వచ్చిన మెరుగుపరచిన ప్రతిలో ఆ ముగింపు దృశ్యం తిరిగి చోటు చేసుకుంది.

7. ఆశ్వాసాంత గద్య – ఒక పోలిక

తెలుగు కావ్య సంప్రదాయంలో యాజమాన్యం, కర్తృత్వం అనే రెండూ వేరువేరు స్థానాల్లో ఉండేవి. కవి కావ్యాన్ని కృతిపతికి అంకితమిస్తాడు. అవతారికలో కృతిపతి వంశవర్ణన ఉంటుంది, షష్ఠ్యంతాల్లో అతని స్తుతి ఉంటుంది. కృతిని కన్యగా, అంకితాన్ని కన్యాదానంగా భావించిన కాలంలో కావ్యం కృతిపతి సొత్తే. అయినా ప్రతి ఆశ్వాసం చివర వచ్చే గద్యలో కవి తన తండ్రి పేరు, తన బిరుదులు, తన పేరు, కావ్యం పేరు చెప్పుకుంటాడు. మనుచరిత్రకు కృతిపతి శ్రీకృష్ణదేవరాయలు. ఆశ్వాసాంత గద్యలో పేరు మాత్రం అల్లసాని పెద్దనది. కృతి ఇచ్చినంతమాత్రాన కర్త పేరు చెరగలేదు.

గద్య ఒక్క చివరనే కాక ప్రతి ఆశ్వాసాంతంలోనూ ఉండటంలో ఆచరణాత్మకమైన ప్రయోజనం కూడా ఉంది. తాళపత్ర ప్రతిలో మొదటి ఆకులో చివరి ఆకులో పోయినా మధ్యలోని గద్యవల్ల కవి ఎవరో తెలుస్తుంది. గద్యలు లేని చోట, దొరకని చోట కర్తృత్వ వివాదాలు ఎంతకాలం సాగుతాయో పరిష్కర్తలకు తెలుసు. గేమ్‌లో ముగింపు దృశ్యం ఈ గద్య స్థానంలోనే ఉంది. తేడా ఏమంటే అది ఒక్క చోటే ఉంటుంది. దానిని తీసివేస్తే ఆ ప్రతి వరకు కర్తలు లేనట్టే.

ఈ పోలికకు హద్దు ఉంది. కావ్యానికి కర్త సాధారణంగా ఒక్కరు. గేమ్‌కు పదుల, వందల మంది. దర్శకుడి పేరు వార్తల్లో నిలుస్తుంది. బొమ్మలకు రంగులు వేసినవారి పేరు, శబ్దాలు కూర్చినవారి పేరు, దోషాలు వెతికినవారి పేరు ముగింపు దృశ్యంలో తప్ప మరెక్కడా దొరకదు. కాబట్టి ఆ దృశ్యం పోవడంవల్ల కామియాకు కలిగిన నష్టం తక్కువ, పేరులేని సహచరులకు కలిగిన నష్టం ఎక్కువ. గేమ్ నిర్మాతల అంతర్జాతీయ సంఘం పేర్ల నమోదుకు మార్గదర్శకాలు రూపొందించింది గాని, అవి సూచనలే తప్ప నిర్బంధాలు కావు. హైదరాబాదులోనూ అంతర్జాతీయ గేమ్ సంస్థల కార్యాలయాలు నడుస్తున్నాయి, తెలుగువారు ఆ వృత్తిలో ఉన్నారు. ఏ దేశంలో విడుదలైన ఏ గేమ్ చివర వారి పేర్లు నిలుస్తాయన్నది రేపటి తెలుగువారి శ్రమచరిత్ర రాయబోయేవారికి అవసరమయ్యే ప్రశ్న.

8. 2024 – బహువచనం

కామియా 2023 అక్టోబరులో ప్లాటినమ్‌గేమ్స్‌ను విడిచారు. 2024 డిసెంబరు 12న జరిగిన గేమ్ అవార్డుల సభలో ఓకామికి తరువాతి భాగం వస్తుందన్న ప్రకటన వెలువడింది. ప్రచురణ బాధ్యత క్యాప్‌కామ్‌ది, దర్శకత్వం కామియాది. ఆయన కొత్త సంస్థ పేరు ‘క్లోవర్స్’.

పాత పేరుకు బహువచన ప్రత్యయం చేరింది. ఒక్క అక్షరం. యౌగికార్థంలో చూస్తే ‘సృజనను ప్రేమించేవాడు’ ‘ప్రేమించేవారు’ అయ్యాడు. ఒక సంస్థకు గుర్తుగా ఉన్న మొక్క ఇప్పుడు మనుషుల గుంపుకు పేరైంది. పాత పేరును యథాతథంగా తీసుకోకుండా, దాని రూఢ్యర్థాన్ని మాత్రం వెంట తెచ్చుకోవడానికి ఈ ప్రత్యయం సరిపోయింది. క్లోవర్స్ అనగానే వినేవారికి ఇరవై ఏళ్ళ నాటి సంస్థ గుర్తుకువస్తుంది. అలా గుర్తుకురావడాన్ని ఏ పత్రమూ బదిలీ చేయలేదు, ఏ రద్దు ప్రకటనా ఆపలేదు.

క్యాప్‌కామ్, కామియా మళ్ళీ ఒకే గేమ్ కోసం కలవడం మరో విషయాన్ని కూడా తెలియజేస్తుంది. ఓకామి అనే రచనమీద హక్కు ఇప్పటికీ క్యాప్‌కామ్‌దే. హక్కు ఉన్నవారికి కర్త అవసరమయ్యాడు, కర్తకు హక్కు ఉన్నవారు అవసరమయ్యారు. 2007లో విడిపోయిన రెండు అర్థాలు ఒకచోట చేరడానికి పదిహేడేళ్ళు పట్టింది.

9. ముగింపు

పై పరిశీలననుంచి తేలిన అంశాలు ఇవి:

1. క్లోవర్ స్టూడియో పేరులో ఆశయం, వ్యక్తులు, మొక్క అనే మూడు పొరల అర్థాలు కలిసి ఉన్నాయి. ఒక్కో పొరను చదవడానికి ఒక్కో భాష, ఒక్కో లిపి కావాలి.

2. ఈ సంస్థ గేమ్‌ల పేర్లలోని శ్లేష అలంకారంగా మిగలక ఆడే తీరుతోనూ, చిత్రంతోనూ ముడిపడింది. ‘ఓకామి’లో శబ్దం, లిపి, బొమ్మ కలిసి శ్లేషను సాధించాయి.

3. యౌగికార్థాన్ని స్థాపకులు ఇస్తారు, రూఢ్యర్థాన్ని పనివారు సంపాదిస్తారు. చట్టం కాపాడేది చిహ్నాన్ని. రూఢ్యర్థం మనుషుల వెంట నడుస్తుంది.

4. 2008 నాటి వీ ప్రతిలో సంస్థ చిహ్నంపై హక్కు ప్రశ్న కారణంగా వ్యక్తుల పేర్లు లేకుండాపోయాయి. సంస్థ పేరునూ, మనుషుల పేర్లనూ ఒకే దృశ్యంలో విడదీయలేనట్లు పొదగడం ఎంత ప్రమాదమో ఇది తెలియజేస్తుంది.

5. అంకితం ఇచ్చిన తరువాత కూడా కర్త పేరును ప్రతి ఆశ్వాసంలోనూ నిలిపిన తెలుగు కావ్య పద్ధతి, యాజమాన్యమూ కర్తృత్వమూ పరస్పరం చెరపకుండా ఉండవచ్చని నిరూపిస్తుంది.

మూతపడిన సంస్థల చరిత్రను సాధారణంగా లాభనష్టాల లెక్కలతో రాస్తారు. పేర్లతో రాస్తే ఆ లెక్కల్లో కనిపించని మనుషులు కనిపిస్తారు. గేమ్ ముగిసిన తరువాత తెరమీద పేర్లు కదులుతున్నప్పుడు చాలామంది లేచి వెళ్ళిపోతారు. రేపటి చరిత్రకారుడికి తొలి ఆధారం మాత్రం ఆ పేర్లే.